సాక్ష్యము వినువారెవరు?

పఠింపదగిన భాగములు: మార్కు 5:21–34, 2 సమూయేలు 13:1–22, యోబు 2:11–13, కీర్తన 88.



సాక్ష్యము అను మాట మన సంఘములలో పెరిగిన పిల్లలకు కూడ తెలిసినదే. ఆదివార ఆరాధనలోను, గృహ కూటములలోను, పండుగ దినములలోను ఎవరో ఒకరు లేచి, తమకు కలిగిన ఆపదను, దేవుడు దానిలోనుండి తప్పించిన విధమును చెప్పుదురు. జ్వరము తగ్గినదనియు, బోరులో నీరు పడినదనియు, కుమారునికి పని దొరికినదనియు విని మనము స్తోత్రము చెల్లింతుము. ఇది మంచి అలవాటే. అయితే ఆపద తప్పనివారి సాక్ష్యమును మనము ఎప్పుడు వినుచున్నాము? నాలుగు బోర్లు వేసినను నీరు పడక, అప్పు తీరక, భర్త పురుగుల మందు త్రాగి చనిపోయిన స్త్రీ వెనుక వరుసలో చాపమీద కూర్చుండి యుండును. ఆమె లేవదు. తన కథకు మంచి ముగింపు లేదు గనుక అది సాక్ష్యము కాదని ఆమె తలంచును. కూర్చున్నవారును అట్లే తలంతురు.

ఈ నెల పాఠములో మేము ఒక్క సంగతినే మీ ముందర ఉంచగోరుచున్నాము. గాయపడినవారు తమ గాయమును చెప్పుకొనుటకు నోరు మాత్రమే చాలదు, ఎదుట వినువారుండవలెను. విను చెవి లేనిచోట సాక్ష్యము పుట్టదు. ఈ సత్యమును దూరదేశమున ఒక మానసిక వైద్యుడు కెమెరా యెదుట నేర్చుకొనెను. హైదరాబాదులో ఒక సహోదరి తన సొంత గాయమునుండి నేర్చుకొనెను. ఈ కరువు సీమలోనున్న మనమును దానిని నేర్చుకొనవలసి యున్నది.

1. నిజమంతయు చెప్పిన స్త్రీ

మార్కు సువార్తలోని ఆ స్త్రీని మనమందరము ఎరుగుదుము. 12 సంవత్సరములు రక్తస్రావముతో బాధపడెను. అనేకమంది వైద్యుల చుట్టు తిరిగి, కలిగినదంతయు ఖర్చుపెట్టి, మేలుపడక మరింత క్షీణించెను. ఆస్పత్రి ఖర్చులకు మేకలను, కమ్మలను అమ్ముకొనిన మన గ్రామస్థులకు ఈ మాటలకు వివరణ అక్కరలేదు. ఆమె జనసమూహములో వెనుకగా వచ్చి ప్రభువు వస్త్రమును ముట్టెను, వెంటనే స్వస్థపడెను.

ఇక్కడ కథ ముగియవలసినది. వచ్చిన పని అయిపోయినది గనుక ఆమె ఎవరికిని తెలియకుండ వెళ్లిపోవచ్చును. యాయీరు కుమార్తె చావుబ్రతుకుల మధ్యనున్నది, త్రోవలో ఆగుటకు సమయము లేదు. అయినను ప్రభువు నిలిచి, నన్ను ముట్టినదెవరని అడిగెను. శిష్యులకు ఆ ప్రశ్నయే వింతగా తోచెను. అప్పుడు ఆ స్త్రీ వణకుచు వచ్చి, సాగిలపడి, తన సంగతి యావత్తును దాచక చెప్పెను. 12 సంవత్సరముల బాధను చెప్పుటకు ఎంతసేపు పట్టెనో వాక్యము చెప్పుట లేదు. ప్రభువు ఆమెను తొందరపెట్టలేదని మాత్రము మనకు తెలియుచున్నది. ఆమె చెప్పి ముగించిన తరువాతనే ఆయన ఆమెను కుమార్తె అని పిలిచి, సమాధానముతో పంపెను. ఆమె శరీరమునకు స్వస్థత ముందే కలిగెను. మరి ఈ రెండవ మేలు దేనికి? 12 సంవత్సరములు ఎవరును తాకని, ఎవరును వినని ఆమెను నలుగురిలో నిలువబెట్టి వినుటయే ఆ మేలు.

దీనికి ఎదురుగా దావీదు కుమార్తె తామారును చూడుడి. ఆమె అన్న ఆమెను చెరిపి, తలుపు గడియ పెట్టించి వెళ్లగొట్టెను. ఆమె బూడిద తలమీద పోసికొని, వస్త్రము చింపుకొని, వీధిలో కేకలు వేయుచు పోయెను. అనగా చెప్పుటకు ఆమె సిద్ధముగానే యుండెను. కాని అబ్షాలోము, వాడు నీ అన్నయే గదా, ఈ సంగతి మనస్సున పెట్టుకొనక ఊరకుండుమనెను. తండ్రి కోపపడెను గాని ఆమెను పిలిచి అడిగినట్లు లేదు. ఆ తరువాత ఆమె నోట ఒక్క మాటయు మనకు వినబడదు. ఆమెను హింసించినవాడు ఒకడైతే, ఆమె నోరు మూసినది ఆమెను ప్రేమించినవారే.

2. మన కరువు సీమలో ప్రశ్నలు అనేకము, వినుట కొంచెము

అనంతపురము పీఠభూమి పడమటి కనుమల వర్షచ్ఛాయలో నున్నది. నైరుతి ఋతుపవనములు కనుమలకు ఆవలనే కురిసి, మన యొద్దకు వచ్చుసరికి సన్నగిల్లును. ఈశాన్య ఋతుపవనములు తూర్పు తీరమున కురిసి, మన మెట్టనేలకు చేరకముందే అలసిపోవును. సంవత్సరమునకు సగటున సుమారు 550 మిల్లీమీటర్ల వాన మాత్రమే. అదియు కావలసినప్పుడు రాదు. ఎర్రనేలలో వేరుసెనగ విత్తిన రైతు, ఊడలు దిగు వేళకు మబ్బులేని ఆకాశమును చూచుచు కూర్చుండును. విత్తనమునకు ఒక అప్పు, బోరుకు ఒక అప్పు, కుమార్తె పెండ్లికి మరియొక అప్పు. 1990వ దశకము చివరినుండి ఇట్టి అప్పుల క్రింద నలిగిన రైతులు తమ ప్రాణములను తామే తీసికొనుట మన ప్రాంతమును కలవరపెట్టిన సంగతి.

2004 జూన్ 1న ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వము 421వ నంబరు జీ.ఓ. ఇచ్చెను. దానిప్రకారము ఆత్మహత్య చేసికొనిన రైతు కుటుంబమునకు 1 లక్ష రూపాయల సహాయమును, అప్పులవారితో పరిష్కారమునకు మరి 50,000 రూపాయలును ఏర్పాటాయెను. 2019లో ఈ సహాయమును 7 లక్షలుగా ప్రకటించిరి. మరణము నిజముగా సేద్యపు అప్పులవలననే కలిగెనా అని తేల్చుటకు ఆర్.డి.ఓ., డి.ఎస్.పి., వ్యవసాయ శాఖ సహాయ సంచాలకుడు కలిసిన కమిటీని జీ.ఓ.లోనే నియమించిరి. ప్రజల సొమ్మును ఇచ్చునప్పుడు విచారణ చేయుట న్యాయమే. అధికారులను నిందించుట మా ఉద్దేశము కాదు.

అయితే ఆ స్త్రీ పక్షమున నిలిచి చూడుడి. పొలము ఎవరి పేరనున్నది? పట్టాదారు పాసుపుస్తకము ఏది? బ్యాంకు అప్పా, షావుకారు అప్పా? నోటు ఉన్నదా? ఎఫ్.ఐ.ఆర్. నకలు తెచ్చితివా? ఆయన త్రాగువాడా? ఇంటిలో జగడము జరిగెనా? పొలము మామగారి పేరనుండును. గుత్తకు చేసిన రైతుకు కాగితమే యుండదు. వడ్డీకిచ్చినవాడు రసీదు ఇయ్యడు. ఈ ప్రశ్నలకు ఆమె పోలీసు ఠాణాలోను, ఆస్పత్రిలోను, తహశీల్దారు కచేరిలోను, పత్రికలవారి యెదుటను మరల మరల జవాబు చెప్పవలెను. ఇన్ని సార్లు చెప్పినను ఆమెను విన్నవారు ఒక్కరును లేరు, ఏలయనగా వారందరికి కావలసినది కాగితమే గాని ఆమె కాదు. లూకా సువార్త 18వ అధ్యాయములోని విధవరాలు న్యాయాధిపతియొద్దకు మాటిమాటికి ఎందుకు తిరిగెనో మన కచేరీల వరండాలలో నిలిచినవారికి సులభముగా అర్థమగును.

ఈ దుఃఖమును లోకమునకు వినిపించిన వారిలో పి. సాయినాథ్ గారు ఒకరు. ఆయన మాజీ రాష్ట్రపతి వి. వి. గిరి గారి మనుమడు, పత్రికా రచయిత. ఆయన మన అనంతపురము గ్రామములలోను తిరిగి వ్రాసెను. 2009లో దీపా భాటియా గారు ఆయన వెంట మహారాష్ట్రలోని విదర్భ గ్రామములకు వెళ్లి, అట్టి కుటుంబములను చూపు డాక్యుమెంటరీ చిత్రమును తీసిరి. డాక్యుమెంటరీ అనగా కల్పిత కథ కాదు, నిజమైన మనుష్యులు తమ సంగతి తామే చెప్పుకొను చిత్రము. దాని పేరు నీరో చక్రవర్తి అతిథులు అను అర్థము గల "నీరోస్ గెస్ట్స్". రోమాపురి తగలబడిన తరువాత నీరో చక్రవర్తి క్రైస్తవులను రాత్రివేళ దీపములవలె కాల్పించెనని చరిత్రకారుడైన టాసిటస్ వ్రాసెను. ఆ వెలుగులో విందుకు వచ్చి, చూచి, ఊరకుండిన అతిథులు ఎట్టివారు అన్నదే సాయినాథ్ గారు ఆ చిత్రములో అడుగు ప్రశ్న. కాల్పబడినవారి సంతతి మనమే గనుక ఈ ప్రశ్న మనకు మరి దగ్గరగా తగులుచున్నది.

3. ఒక వైద్యుడు, ఒక కెమెరా

వినుటవలన గాయపడినవారికి మేలు కలుగునా, లేక పాత పుండును రేపినట్లగునా? ఈ ప్రశ్నను చాల శ్రద్ధగా పరిశీలించినవారిలో డాక్టర్ డోరి లౌబ్ గారు ముఖ్యులు. ఆయన 1937లో రొమేనియా దేశమున యూదుల ఇంట పుట్టెను. 1942లో, ఇంకను చిన్న బిడ్డగా నుండగానే, తలిదండ్రులతోకూడ నిర్బంధ శిబిరమునకు తీసికొనిపోబడెను. తల్లియు ఆయనయు బ్రతికిరి, తండ్రి తిరిగి రాలేదు. ఆయన పెద్దవాడై వైద్యవిద్య నేర్చి, అమెరికాలోని న్యూహేవెన్ పట్టణమున మాటలద్వారా మనస్సునకు చికిత్స చేయు వైద్యుడాయెను.

హిట్లరు కాలమున సుమారు 60 లక్షలమంది యూదులు చంపబడిరి. తప్పించుకొనినవారు వేరు వేరు దేశములకు చేరి, పెండ్లిండ్లు చేసికొని, అంగళ్లు పెట్టుకొని జీవించిరి గాని తాము చూచినదానిని తమ పిల్లలకైనను చెప్పలేదు. చెప్పబోయినను అది గతించిన సంగతి, మరచిపొమ్మని చుట్టుపట్లవారు అనిరి. 1979లో లౌబ్ గారును, టెలివిజన్ చిత్రములు తీయు లారెల్ వ్లాక్ గారును కలిసి, ఇట్టివారిని పిలిచి కెమెరా యెదుట కూర్చుండబెట్టి వారి మాటలను వినుట మొదలుపెట్టిరి. ఈ సాక్ష్యములను 1981లో యేల్ విశ్వవిద్యాలయమునకు అప్పగించిరి. అక్కడి భాండాగారములో ఇప్పుడు 4,400కు పైగా సాక్ష్యములు భద్రముగా నున్నవి. వాటిని వినుటకు 10,000 గంటలకు పైగా పట్టును.

వారు వినిన పద్ధతిని మనము గమనింపవలెను. ఇంత సమయమని గడువు పెట్టలేదు. అడుగువారు తక్కువ మాటలాడుదురు. చెప్పువారు తమకు ఇష్టమైనచోట మొదలుపెట్టి, ఇష్టమైనచోట ఆగుదురు. వారు ఏడ్చినను, మౌనముగా నుండినను, ఎదుటివారు కదలక తోడుగా కూర్చుందురు. కెమెరా అక్కడ వేడుక చూపుటకు కాదు, నీ మాట నేలపాలు కాదను వాగ్దానమునకు గురుతుగా నుండెను. గొప్ప భయము కలిగిన వేళ మనుష్యుడు తనకు జరిగినదానిని తానే పూర్తిగా గ్రహింపలేడనియు, శ్రద్ధగా వినువాని యెదుట చెప్పునప్పుడే అది అతనికి తెలిసిన సంగతి అగుననియు లౌబ్ గారు నేర్పిరి. అనగా వినువాడును ఆ సాక్ష్యములో పాలివాడే.

ఒక వృద్ధురాలు ఆష్విట్జ్ మరణ శిబిరములో ఖైదీలు తిరుగబడిన దినమును గూర్చి చెప్పెను. అది 1944 అక్టోబరు 7. అంతవరకు మెల్లగా మాటలాడుచుండిన ఆమె ఒక్కసారిగా వెలిగి, నాలుగు పొగగొట్టములు పేలి మంటలు లేచెనని చెప్పెను. తరువాత ఆ చిత్రమును చూచిన చరిత్ర పండితులు, పేలినది ఒక్కటే గదా, ఈమె జ్ఞాపకము నమ్మదగినది కాదనిరి. లౌబ్ గారు వారితో ఏకీభవింపలేదు. ఆమె లెక్క చెప్పుటకు రాలేదు. ఎన్నడును జరుగదనుకొనినది తన కన్నులయెదుట జరిగెనని, ఆ చావుల కొలిమిలో కూడ మనుష్యులు ఎదురు తిరిగిరని చెప్పుటకు వచ్చెను. ఆ సంగతిలో ఆమె నిజమైన సాక్షియే. చరిత్ర వ్రాయుటకు లెక్క అవసరము. గాయమును వినుటకు వచ్చినవాడు లెక్కతో మొదలుపెట్టిన యెడల ఆమె నోరు మరల మూయబడును.

తరువాతి కాలమున లౌబ్ గారును ఆయన తోటివారును ఇశ్రాయేలు దేశములోని మానసిక వైద్యశాలలలో సంవత్సరముల తరబడి పడియున్న యూదుల సాక్ష్యములను ఈలాగే చిత్రించిరి. కొన్ని నెలల తరువాత వారిలో పాత భయమువలన కలుగు బాధలు తగ్గినవని 2005లో వైద్య పత్రికలో ప్రకటించిరి. వారి తక్కిన మానసిక రోగము మాత్రము ఆవిధముగా మారలేదు. వినుట మేలుచేయును గాని సమస్త రోగములకు అదే మందు కాదని దీనివలన నేర్చుకొనవలెను.

మన దేశములోను ఇట్టి పని జరిగినది. వారణాసిలో మానవ హక్కుల సేవకులు 2008లో డెన్మార్కు వైద్య సంస్థవారితో కలిసి, హింసకు గురియైనవారి కథను వారి మాటలలోనే వ్రాసి, వారికే చదివి వినిపించి, తప్పులు దిద్ది, పిమ్మట వారు సమ్మతించినయెడల గ్రామస్థుల యెదుట గౌరవముతో ఆ పత్రమును వారి చేతికిచ్చు పద్ధతిని ప్రారంభించిరి. అవమానము పొందిన చోటనే మర్యాద పొందుట ఎంత మేలు!

4. హైదరాబాదులో ఒక సహోదరి

ఇప్పుడు మన యింటి సంగతికి వత్తము. కరువు రైతు ప్రాణమును మాత్రమే తీయదు. కదిరి ప్రాంతమునుండి పని ఇప్పింతుమను మాటలు నమ్మి వెళ్లి, దూర నగరములలో వేశ్యాగృహములకు అమ్మబడిన స్త్రీలను గూర్చి పత్రికలు పలుమారులు వ్రాసినవి. (2022 ఏప్రిల్ 4నుండి కదిరి శ్రీ సత్యసాయి జిల్లాలో చేరినది.) విడిపింపబడి తిరిగి వచ్చిన బిడ్డను ఊరు అడుగు మొదటి ప్రశ్న, ఇన్ని దినములు ఎక్కడ ఉంటివి అన్నదే. అది వినుటకు అడిగిన ప్రశ్న కాదు, తీర్పు తీర్చుటకు అడిగినది.

ఇట్టి స్త్రీలకొరకు హైదరాబాదులో 1996లో ప్రజ్వల అను సంస్థను సునీతా కృష్ణన్ గారును, కేథలిక్ సేవకుడైన బ్రదర్ జోస్ వెట్టికాటిల్ గారును స్థాపించిరి. మెహబూబ్ కీ మెహందీ అను వేశ్యావాటికను ఖాళీ చేయించినప్పుడు దిక్కులేనివారైన స్త్రీల పిల్లలకు బడి పెట్టుటతో ఆ పని మొదలాయెను. సునీత గారు మంగుళూరులో వైద్య, మానసిక సంబంధమైన సంఘసేవా విద్యను అభ్యసించినవారు. అంతకంటె లోతైన పాఠము ఆమెకు 15 ఏండ్ల వయస్సుననే కలిగెను. పేదల మధ్య అక్షరాస్యతకొరకు పనిచేయుచుండగా ఎనిమిదిమంది ఆమెను బలాత్కరించిరి. ఆ దినమున కలిగిన బాధకంటె, తరువాత మనుష్యులు తన్నే తప్పుచేసినదానివలె చూచిన విధమే తన్ను ఎక్కువ గాయపరచెనని ఆమె బహిరంగముగా చెప్పియున్నారు. తామారు చెప్పలేకపోయినదానిని ఈమె పేరు దాచుకొనక చెప్పిరి. 2016లో భారత ప్రభుత్వము ఆమెకు పద్మశ్రీ ఇచ్చెను.

ఆమెయు, ఆమె భర్తయైన చిత్రదర్శకుడు రాజేష్ టచ్‌రివర్ గారును ఈ స్త్రీల సంగతిని చిత్రములద్వారా వినిపించిరి. వాటిలో "అనామిక" అను డాక్యుమెంటరీ చిత్రము ఒకటి. అనామిక అనగా పేరు లేనిది. పేరును ముఖమును కాపాడుచునే గాయమును వినిపింపవచ్చునని ఆ పేరే మనకు నేర్పుచున్నది. పోలీసు అధికారుల శిక్షణలో కూడ ఈ చిత్రము ఉపయోగపడెను. విచారణ చేయువారికి మొదట వినుట నేర్పవలెనని కాదా? ఇదే విషయముపై వారు తీసిన "నా బంగారు తల్లి" అను తెలుగు కథాచిత్రమునకు 2013వ సంవత్సరపు ఉత్తమ తెలుగు చిత్రముగా జాతీయ పురస్కారము లభించెను.

5. గాయపరచు కెమెరా

అయితే కెమెరా కత్తివంటిది. వైద్యుని చేతిలో ఒకటి చేయును, దుష్టుని చేతిలో మరియొకటి చేయును. 2015లో దుర్మార్గులు తాము చేసిన బలాత్కారములను తామే చిత్రించి వాట్సాప్‌లో పంపుచుండగా, ఆ వీడియోలు సునీత గారి యొద్దకు చేరెను. ఆమె బాధిత స్త్రీల ముఖములను కనబడకుండ చేసి, నేరస్థుల ముఖములను మాత్రము ప్రజలకు చూపించిరి. అందుకు ప్రతిగా ఆమె కారుపై రాళ్లు రువ్విరి. అదే సంవత్సరము ఫిబ్రవరిలో ఆమె వ్రాసిన ఉత్తరమును సుప్రీంకోర్టు తనంతట తానే వ్యాజ్యముగా స్వీకరించి, సి.బి.ఐ. విచారణకు ఆజ్ఞాపించెను.

నేడు మన గ్రామములలో ప్రతి చేతిలోను ఒక కెమెరా యున్నది. ఆపదలోనున్నవారి ఫొటోను, శవముపై పడి ఏడ్చు స్త్రీ వీడియోను ప్రార్థనకొరకు అని గ్రూపులలో పంపువారు కలరు. బలాత్కారమునకు గురియైనవారి గుర్తింపును బయటపెట్టుట నేరము. 2024 జూలై 1న అమలులోనికి వచ్చిన భారతీయ న్యాయ సంహితలోని 72వ సెక్షను ప్రకారము దానికి రెండు సంవత్సరముల వరకు శిక్ష కలదు. చట్టము లేకపోయినను ప్రేమ దానిని చేయనియ్యదు.

6. సంఘము చేయదగినది

మన సంఘములకు కెమెరాలు కొనుడని మేము చెప్పుట లేదు. కెమెరా వెనుకనుండిన చెవి మనకు కావలెను. దానికొరకు కొన్ని నియమములను మీ ముందర ఉంచుచున్నాము.

మొదట, మౌనముతో మొదలుపెట్టుడి. యోబు స్నేహితులు ఏడు దినములు నేలమీద కూర్చుండి ఒక్క మాటయు పలుకక పోయిరి. వారు చేసిన మంచిపని అదే. నోరు తెరచిన తరువాతనే వారు అతని గాయములో ఉప్పు పోసిరి. దేవుని చిత్తమనియు, ఏదో పాపముండుననియు, అందరికి కష్టములున్నవనియు చెప్పుటకు తొందరపడవద్దు.

రెండవది, ఆమె కోరినచోట, ఆమె కోరిన వేళ, ఆమె కోరినంతసేపు వినుడి. స్త్రీకి స్త్రీయే తోడుగా నుండుట మేలు. చెప్పుటకు ఇష్టము లేనివారిని బలవంతము చేయకూడదు. చెప్పకుండుటకు కూడ వారికి హక్కు కలదు. ఎందుకు పోతివి, ఎందుకు ఆపలేదు అను ప్రశ్నలను విడిచిపెట్టుడి. నిన్న చెప్పినదానికి నేడు చెప్పినదానికి భేదమున్నదని పట్టుకొనవద్దు.

మూడవది, వినినదానిని దాచుడి. ఒకరి యింటి సంగతి ప్రార్థన విన్నపము అను పేరుతో నీళ్ల ట్యాంకు వరకు వెళ్లుట మనకు తెలియనిది కాదు. ఆమె అనుమతి లేక కాపరియైనను ప్రసంగములో దృష్టాంతముగా చెప్పకూడదు. ఫొటోకు, వీడియోకు ముందుగా అడుగవలెను. తీసిన తరువాత ఆమెకే మొదట చూపవలెను. ఆమె వద్దనిన యెడల తుడిచివేయవలెను.

నాలుగవది, ముగింపు లేని సాక్ష్యమునకు సంఘములో చోటియ్యుడి. 88వ కీర్తన చదువుడి. అది మొరతో మొదలై చీకటిలోనే ముగియును. వెలుగు వచ్చినదని చివర ఒక్క మాటయు లేదు. అయినను దానిని పరిశుద్ధ గ్రంథములోనుండి ఎవరును తీసివేయలేదు. అట్టి కీర్తనకు గ్రంథములో చోటున్నప్పుడు అట్టి స్త్రీకి సంఘములో చోటులేదనుట ఎట్లు?

ఐదవది, వినుట పనిలోనికి దిగవలెను. ఆమెతోకూడ కచేరికి వెళ్లి, కాగితములు చదివి, అర్జీ వ్రాసి పెట్టువారు ఇద్దరు ప్రతి సంఘములో నుండవలెను. ఆమెకు బదులుగా మాటలాడుటకు కాదు, ఆమె మాటలాడునప్పుడు ప్రక్కన నిలుచుటకు.

ఆరవది, మన హద్దును ఎరుగవలెను. ఎవరైనను చావు మాటలు మాటలాడినను, వారముల తరబడి నిద్రాహారములు మానినను, జరిగినది మరల మరల కన్నులయెదుట కనబడి కేకలు వేయుచున్నను, ప్రార్థనతోపాటు వైద్యునియొద్దకు తీసికొని వెళ్లవలెను. అట్టి ఇంటిలో పురుగుల మందు డబ్బాలు అందుబాటులో నుండనియ్యవద్దు, ఆ మనిషిని ఒంటరిగా విడువవద్దు. 2022 అక్టోబరు 10నుండి నడుచుచున్న టెలీమానస్ అను ప్రభుత్వ సేవకు 14416 నంబరున ఖర్చులేక ఫోను చేసి తెలుగులోనే మాటలాడవచ్చును. ఆపదలోనున్న స్త్రీలకు 181, పిల్లలకు 1098 నంబర్లు కలవు. వీటిని గుడి తలుపు ప్రక్కన పెద్ద అక్షరములతో వ్రాసి పెట్టుడి.

యాయీరును ఒకసారి జ్ఞాపకము చేసికొందము. తన బిడ్డ చనిపోవుచుండగా, ఈ స్త్రీ కథ ముగియువరకు అతడు నిలిచి యుండవలసి వచ్చెను. ఒకరిని వినుటవలన మరియొకరి పని చెడునని అతడు భయపడియుండవచ్చును. కాని అతని కుమార్తెయు లేచెను. వినుటకు ఆగిన సమయము ఎవరి పాలును తగ్గింపలేదు.

సంఘ కూటములలో ఆలోచించుటకు ప్రశ్నలు

1. ప్రభువు ఆ స్త్రీని స్వస్థపరచిన తరువాత కూడ ఎందుకు నిలిచి అడిగెను?

2. అబ్షాలోము తామారుతో చెప్పినట్టి మాటలు మన గ్రామములలో ఏ రూపములో వినబడుచున్నవి?

3. విచారించుటకును వినుటకును భేదమేమి? నాలుగు పొగగొట్టముల కథను దృష్టిలో నుంచుకొని చెప్పుడి.

4. మన సంఘములో ఇంతవరకు లేచి మాటలాడనివారు ఎవరు? వారి పేర్లను బిగ్గరగా చెప్పక, మనస్సులో తలంచుకొనుడి.

5. ఈ నెలలో వారిలో ఒకరి యింటికి వెళ్లి, ఫోను కట్టివేసి, ఒక సాయంకాలము కూర్చుండుటకు మనలో ఎవరు వెళ్లుదురు?